గ్రెగరీ పెక్ సినిమాలు: ఏది ముందు చూడాలి?

గ్రెగరీ పెక్ మన దగ్గర ఒక్కో తరానికి ఒక్కోలా తెలుసు. 1970ల్లో కుర్రకారుగా ఉన్నవాళ్లకు ఆయన 'మెకన్నాస్ గోల్డ్' హీరో. 1969లో వచ్చిన ఆ సినిమాకు అమెరికాలో పెద్దగా ఆదరణ దొరకలేదు. మన దేశంలో మాత్రం విపరీతంగా ఆడింది, మళ్లీ మళ్లీ విడుదలైంది. 1971లో కృష్ణ నటించిన 'మోసగాళ్లకు మోసగాడు'కు స్ఫూర్తినిచ్చిన కౌబాయ్ సినిమాల్లో అదీ ఒకటి. ఇంగ్లిష్ సాహిత్యం చదువుకున్నవాళ్లకు ఆయన అటికస్ ఫించ్, 'టు కిల్ ఎ మాకింగ్‌బర్డ్'లో నల్లజాతి యువకుడి తరఫున వాదించే లాయరు. ఆడ్రీ హెప్‌బర్న్ అభిమానులకేమో 'రోమన్ హాలిడే'లో ఆమె పక్కన స్కూటరెక్కిన పొడుగాటి మనిషి.

వీటిలో ఒకటి చూసి తర్వాత ఎటు వెళ్లాలో తెలియక ఆగిపోయినవాళ్ల కోసం, అసలు ఏదీ చూడనివాళ్ల కోసం ఈ పోలిక. పెక్ విషయంలో మొదటి సినిమా ఏదన్నది చాలా ముఖ్యం. అది కుదరకపోతే "అందగాడే, గొంతు బావుంది, కానీ మరీ బిగుసుకుపోయి ఉన్నాడు" అనిపిస్తుంది. ఆయన బతికున్న రోజుల్లో విమర్శకులూ ఈ మాట చాలాసార్లు అన్నారు. నేను ఒప్పుకోను. పెక్ నటన అంతా లోపల అణచిపెట్టుకోవడంలో ఉంటుంది. కోపం, భయం, సిగ్గు, ప్రేమ ఏదైనా సరే, బయటికి రాబోయి ఆగిపోయిన క్షణం ఆయన ముఖంలో కనిపిస్తుంది. అలా అణచుకోవాల్సిన అవసరం కథ కల్పించినప్పుడు ఆయనకు సాటి వచ్చేవాళ్లు తక్కువ. కథ ఆ అవసరం కల్పించకపోతే మాత్రం తెర మీద ఆరడుగుల మూడంగుళాల మంచి మనిషి నిలబడి ఉంటాడు, అంతే. కాబట్టి కింద ప్రతి సినిమా దగ్గరా నేను ముందుగా అడిగే ప్రశ్న ఇదే: ఈ కథ ఆయన్ని ఎంత ఒత్తిడిలో పెట్టింది?

## ఎంచుకునే ముందు చూసుకోవాల్సినవి

మొదటిది పైన చెప్పిన ఒత్తిడి. రెండోది, సినిమా ఎవరి భుజాల మీద నడుస్తోంది అన్నది. ఆయన గొప్ప సినిమాల్లో కొన్నింటిని నిజానికి మోసేది వేరేవాళ్లు. మీకు కావాల్సింది మంచి సినిమానా, పెక్ నటనా అన్నది ముందే తేల్చుకుంటే నిరాశ ఉండదు.

మూడోది నలుపు తెలుపు. ఆయన మేటి పాత్రలు చాలావరకు నలుపు తెలుపులోనే ఉన్నాయి. పాత తెలుగు సినిమాలు ఇష్టంగా చూసేవాళ్లకు ఇది లెక్కలోకి రాదు. పిల్లలతో కూర్చునేవాళ్లకు మాత్రం మొదటి పదిహేను నిమిషాలు గట్టెక్కడమే ఒక పని.

నాలుగోది మాటలు. ఇక్కడ పెక్ మనకు చాలా అనుకూలం. రంగస్థలం నుంచి వచ్చినవాడు, మాటను నిదానంగా, ప్రతి అక్షరం వినిపించేలా పలుకుతారు. ఇంగ్లిష్ సబ్‌టైటిల్స్ పెట్టుకుంటే ఆయన సంభాషణల్లో దాదాపు ఏదీ జారిపోదు. పక్క పాత్రల యాసలతోనే కాస్త ఇబ్బంది, ముఖ్యంగా అమెరికా దక్షిణాది కథల్లో.

ఐదోది, పక్కన ఎవరు కూర్చుంటారు అన్నది. కొన్ని పిల్లలతో చూడకూడనివి ఉన్నాయి.

## ఎంపికకు పనికొచ్చేంత జీవితం

పెక్ 1916 ఏప్రిల్ 5న కాలిఫోర్నియాలోని లా హోయాలో పుట్టారు. తండ్రి మందుల షాపు నడిపేవారు. తల్లిదండ్రులు విడిపోవడంతో కొన్నాళ్లు అమ్మమ్మ దగ్గర పెరిగారు, ఆవిడే వారం వారం సినిమాలకు తీసుకెళ్లేవారు. పదేళ్ల వయసులో మిలటరీ బోర్డింగ్ స్కూల్లో చేరారు. బర్కిలీలో ఇంగ్లిష్ చదివి న్యూయార్క్ వెళ్లి నటన నేర్చుకున్నారు. అక్కడ నృత్యకారిణి మార్తా గ్రాహం క్లాసులో వెన్నుకు దెబ్బ తగిలింది. దాంతో రెండో ప్రపంచయుద్ధంలో సైన్యంలోకి వెళ్లాల్సిన అవసరం తప్పింది. హాలీవుడ్ పెద్ద హీరోలు చాలామంది యుద్ధానికి వెళ్లిన సమయంలో ఇది ఆయనకు కలిసొచ్చింది.

1944లో మొదటి సినిమా. అదే ఏడాది రెండో సినిమా 'ద కీస్ ఆఫ్ ద కింగ్‌డమ్'కే ఆస్కార్ నామినేషన్. 1949 నాటి సినిమాతో కలిపి నాలుగు నామినేషన్లు అయ్యాయి, ఒక్క ఆస్కారూ రాలేదు. ఐదోసారి, 'మాకింగ్‌బర్డ్'కు వచ్చింది. ఒకే స్టూడియోకు కట్టుబడకుండా రకరకాల సంస్థలతో పనిచేయడం వల్ల ఆయన సినిమాల్లో అంత వైవిధ్యం ఉంది. ఏది ముందు చూడాలన్న తికమకకు అదీ ఒక కారణం.

విడుదలైన వరుసలో చూస్తూ పోవాలని కొందరికి ఉంటుంది. పెక్‌కి ఆ పద్ధతి వద్దు. మొదటి సినిమా 'డేస్ ఆఫ్ గ్లోరీ' చాలా బలహీనమైనది, అక్కడే విసుగొస్తుంది.

## ఒక్క చూపులో

| సినిమా | ఏడాది | నిడివి (సుమారు) | రంగు | పెక్ మీద ఒత్తిడి | ఎవరితో |
|---|---|---|---|---|---|
| ద గన్‌ఫైటర్ | 1950 | 1 గంట 25 ని. | నలుపు తెలుపు | చాలా ఎక్కువ | పెద్దలు, పదేళ్లు దాటిన పిల్లలు |
| ట్వెల్వ్ ఓ క్లాక్ హై | 1949 | 2 గం. 12 ని. | నలుపు తెలుపు | చాలా ఎక్కువ | ఒంటరిగా, లేదా ఆఫీసు స్నేహితులతో |
| రోమన్ హాలిడే | 1953 | 1 గం. 58 ని. | నలుపు తెలుపు | తక్కువ, చివర్లో ఎక్కువ | ఇంటిల్లిపాదీ |
| టు కిల్ ఎ మాకింగ్‌బర్డ్ | 1962 | 2 గం. 9 ని. | నలుపు తెలుపు | ఎక్కువ | పన్నెండేళ్లు దాటిన పిల్లలు, పెద్దలు |
| కేప్ ఫియర్ | 1962 | 1 గం. 46 ని. | నలుపు తెలుపు | ఎక్కువ | పెద్దలు మాత్రమే |
| ద గన్స్ ఆఫ్ నవరోన్ | 1961 | 2 గం. 38 ని. | రంగులు | ఓ మాదిరి | ఇంటిల్లిపాదీ |
| మెకన్నాస్ గోల్డ్ | 1969 | 2 గం. 8 ని. | రంగులు | తక్కువ | పెద్దలు, కాస్త ఎదిగిన పిల్లలు |
| ది ఒమెన్ | 1976 | 1 గం. 51 ని. | రంగులు | ఓ మాదిరి | హారర్ తట్టుకునే పెద్దలు |

## ద గన్‌ఫైటర్

నన్ను ఒక్కటే చెప్పమంటే ఇదే చెబుతాను. హెన్రీ కింగ్ దర్శకుడు. జిమ్మీ రింగో అనేవాడు తుపాకీ దూయడంలో అందరికంటే వేగం అని పేరు పడ్డాడు. ఆ పేరే అతనికి శాపం. ఏ ఊరు వెళ్లినా ఒక కుర్రాడు లేచి 'చూద్దాం నీ వేగం' అంటాడు. సినిమా మొదట్లోనే అలా ఒకడు చస్తాడు, వాడి అన్నదమ్ములు ముగ్గురు రింగో వెంటపడతారు. రింగో మాత్రం ఏళ్ల కిందట విడిపోయిన భార్యను, కొడుకును ఒక్కసారి చూసుకుందామని కయెన్ అనే చిన్న ఊరికి వస్తాడు. ఆమె చూడటానికి ఒప్పుకోదు. అతను సారాయి దుకాణంలో ఒక మూల కూర్చుని ఎదురుచూస్తాడు. గోడ గడియారం నడుస్తూ ఉంటుంది. వెనక నుంచి ముగ్గురు గుర్రాల మీద వస్తున్నారు.

కథలో చాలా భాగం ఆ కూర్చోవడమే. కౌబాయ్ సినిమా అంటే గుర్రాలు, దుమ్ము, కాల్పులు అనుకుని వచ్చేవాళ్లకు ఇది వింతగా ఉంటుంది. బయట బడి ఎగ్గొట్టిన పిల్లలు కిటికీకి ముఖాలు ఆనించి ఆయన్ని తొంగి చూస్తుంటారు, వాళ్లకు అది పండగ. లోపల ఉన్నవాడికి వీపు గోడకు ఆనించకపోతే ప్రాణం నిలవదు. ఈ రెండూ ఒకే షాట్లలో కనిపిస్తుంటే పెక్ ఏమీ చేయరు. కప్పు ఎత్తుతారు, తలుపు వైపు ఒకసారి చూస్తారు, చేతులు ఎప్పుడూ బల్ల మీదే ఉంచుతారు. ముప్పై నాలుగేళ్ల నటుడు బతుకుతో అలసిపోయిన మనిషిలా కనిపిస్తారు. పైకి రాకుండా ఆగిన భయం ఎలా ఉంటుందో నేర్చుకోవాలంటే ఈ ఎనభై ఐదు నిమిషాలు చాలు.

ఈ పాత్ర కోసం ఆయన ఆ కాలపు మనుషుల్లా గుబురు మీసం పెంచారు. సినిమా అనుకున్నంత ఆడకపోతే స్టూడియో పెద్దలు తప్పంతా మీసానిదే అన్నారు. హీరో ముఖం కనపడలేదని వాళ్ల బాధ. మీసం హీరోలకు అలవాటు పడిన మన కళ్లకు అది అసలు అడ్డే కాదు. తర్వాత 'హై నూన్' ఆయన దగ్గరికి వస్తే, గన్‌ఫైటర్‌కి మరీ దగ్గరగా ఉందని వద్దన్నారు. అది గ్యారీ కూపర్ చేసి ఆస్కార్ తీసుకున్నారు.

ఇబ్బంది ఒకటుంది. సినిమా చివరకు సంతోషంగా పంపదు. సరదాగా ఒక సాయంత్రం గడుపుదామనుకుంటే ఇది వద్దు.

## ట్వెల్వ్ ఓ క్లాక్ హై

ఇదీ హెన్రీ కింగ్ సినిమాయే. యుద్ధ సినిమా అన్నమాటే గానీ ఎక్కువభాగం ఆఫీసు గదుల్లో నడుస్తుంది. ఇంగ్లాండులో ఉన్న అమెరికన్ బాంబర్ దళం ఒకటి వరుస నష్టాలతో కుంగిపోయి ఉంటుంది. దాని కమాండర్ తన మనుషుల మీద మరీ ప్రేమ పెంచుకున్నాడని ఆయన్ని తీసేసి, జనరల్ శావేజ్‌ని పంపుతారు. శావేజ్ పాత్రే పెక్.

అతను వచ్చే సీన్ ఒక్కటి చూస్తే పెక్ పనితనం అర్థమవుతుంది. కారులో డ్రైవర్ పక్కన కూర్చుని వస్తాడు. స్థావరం బయట కారు ఆపించి, దిగి, డ్రైవర్‌తో కలిసి సిగరెట్ కాలుస్తాడు. అది అయ్యాక 'ఇక పద' అన్నట్టు చెప్పి వెనక సీట్లో కూర్చుంటాడు. అంతే, మనిషి మారిపోతాడు. గేటు దగ్గర సెల్యూట్ సరిగా కొట్టని సెంట్రీకి చీవాట్లు మొదలు. స్నేహంగా మాట్లాడిన మనిషి, కఠినంగా ఉండాలని నిర్ణయించుకున్న అధికారి, ఇద్దరూ ఒక సిగరెట్ దూరంలో ఉన్నారు. ఆ కఠినత్వం లోపల ఎంత బరువుందో సినిమా చివర్లో అది విరిగినప్పుడు గానీ తెలియదు.

అమెరికా సైన్యంలో నాయకత్వ శిక్షణకు ఈ సినిమా దశాబ్దాలుగా చూపిస్తున్నారు. టీమ్‌ని నడిపేవాళ్లు, ముఖ్యంగా కొత్తగా మేనేజర్ అయినవాళ్లు, దీన్ని తప్పక చూడాలి. 'మంచిగా ఉంటే పని జరగదు, గట్టిగా ఉంటే మనుషులు దూరమవుతారు' అని నలిగిపోతున్నవాళ్లకు ఇందులో తమ రోజు కనిపిస్తుంది. గాల్లో జరిగే పోరాటంలో నిజమైన యుద్ధ ఫుటేజీ వాడారు. అది వచ్చేసరికి రెండోసగం అవుతుంది, అక్కడిదాకా ఓపిక కావాలి. ఆడ పాత్రలు దాదాపు లేవు. సహాయనటుడిగా ఆస్కార్ డీన్ జాగర్‌కి వచ్చింది, పెక్‌కి నామినేషన్‌తో ఆగింది.

గన్‌ఫైటర్, ఇది, రెండింట్లో ఏది ముందు? గంటన్నర కంటే తక్కువ సమయం ఉంటే గన్‌ఫైటర్. ఉద్యోగం గురించి టెన్షన్‌లో ఉంటే ఇది.

## రోమన్ హాలిడే

విలియం వైలర్ 1952 వేసవిలో రోమ్ నగరంలోనే తీసిన సినిమా. రాచమర్యాదలతో ఊపిరాడని యువరాణి ఒకరోజు పారిపోతుంది. అప్పుల్లో ఉన్న అమెరికన్ విలేకరి జో బ్రాడ్లీ ఆమెను గుర్తుపట్టి, గుర్తుపట్టనట్టు నటిస్తూ, కథ అమ్ముకుందామని ఊరంతా తిప్పుతాడు.

పెక్ కోసం చూస్తే ఇది మొదటి సినిమా కాకూడదు. ఎందుకంటే ఇది ఆడ్రీ హెప్‌బర్న్ సినిమా. ఆ సంగతి ముందుగా గమనించింది పెక్కే. అప్పటికి ఆయన పెద్ద స్టార్, ఆమెకు హాలీవుడ్‌లో ఇదే మొదటి ప్రధాన పాత్ర. ఆమె పేరు కూడా తన పేరుతో సమానంగా టైటిల్ పైన వేయాలని ఆయనే పట్టుబట్టారు, ఈ అమ్మాయికి ఆస్కార్ వస్తుందని చెప్పారు. వచ్చింది. పాత్ర మొదట కేరీ గ్రాంట్ దగ్గరికి వెళ్లింది, కథంతా అమ్మాయిదే అవుతుందని ఆయన వదులుకున్నారు. పెక్ ఒప్పుకుని, సినిమా పొడవునా ఆమెకు చోటిస్తూ పక్కన నిలబడ్డారు. రాతి ముఖం నోట్లో చెయ్యి పెట్టే సీన్‌లో చెయ్యి తెగిపోయినట్టు కోటు చేతిలో దాచేసి ఆమెను నిజంగానే భయపెట్టారు. తెర మీద మనం చూసే ఆ కేక నటన కాదు.

చివరి కొన్ని నిమిషాలు మాత్రం పూర్తిగా పెక్‌వి. అక్కడ ఆయనకు చెప్పడానికి మాటలే లేవు. పెద్ద ఖాళీ హాలులో ఒంటరిగా నడిచి బయటికి రావాలి, అడుగుల చప్పుడు తప్ప ఇంకేం వినిపించదు. ఆ నడకలో ఎంత ఉందో, ఆయన్ని ముందే రెండు సినిమాల్లో చూసినవాళ్లకు ఎక్కువగా అందుతుంది. అందుకే దీన్ని మూడోదిగా చూడమంటాను.

కానీ ఇంట్లో అమ్మానాన్నలు, పిల్లలు అందరూ కూర్చుని చూసేది ఒకటి కావాలంటే ఇంకేం ఆలోచించకుండా ఇదే పెట్టండి. ఎవరూ లేచి వెళ్లరు. ఒక విషయం తెలుసుకుని చూస్తే బావుంటుంది: కథ రాసిన డాల్టన్ ట్రంబో అప్పట్లో కమ్యూనిస్టు ముద్రతో హాలీవుడ్ పని ఇవ్వని బ్లాక్‌లిస్టులో ఉన్నారు. పేరు మరో రచయితది పడింది, కథకు ఆస్కార్ కూడా ఆ పేరుకే వెళ్లింది. ట్రంబో చనిపోయిన చాలా ఏళ్లకు, 1993లో, అది ఆయన పేరున ఇచ్చారు.

## టు కిల్ ఎ మాకింగ్‌బర్డ్, కేప్ ఫియర్: ఒకే ఏడాది ఇద్దరు లాయర్లు

ఈ రెండింటినీ విడివిడిగా కంటే జంటగా చూడటం మేలు. రెండూ 1962లో వచ్చాయి. రెండింట్లోనూ పెక్ అమెరికా దక్షిణాదికి చెందిన లాయరు, ఇంట్లో పిల్లలున్న మర్యాదస్తుడు. ఒకదాంట్లో చట్టాన్ని నమ్మి ఓర్చుకుంటాడు. ఇంకోదాంట్లో చట్టం తన కుటుంబాన్ని కాపాడలేదని అర్థమై, తనే చట్టం గీత దాటడానికి సిద్ధపడతాడు.

మాకింగ్‌బర్డ్ హార్పర్ లీ నవల ఆధారంగా రాబర్ట్ మలిగన్ తీసిన సినిమా. 1930ల్లో అలబామాలోని ఒక చిన్న ఊరు. తెల్లజాతి అమ్మాయి మీద అత్యాచారం చేశాడని టామ్ రాబిన్సన్ అనే నల్లజాతి యువకుడి మీద తప్పుడు కేసు. అటికస్ ఫించ్ అతని తరఫున నిలబడతాడు. ఇదంతా అటికస్ కూతురు స్కౌట్ కళ్లతో చూస్తాం. వెలివేతల గురించి, కులం చూసి సాక్ష్యం నమ్మడం గురించి వింటూ పెరిగిన మనకు ఆ కోర్టు గది కొత్తగా అనిపించదు.

కోర్టులో చేసే సుదీర్ఘమైన ముగింపు వాదన గురించి అందరూ చెబుతారు. నా దృష్టిలో అంతకంటే గొప్పది, బాబ్ యూయెల్ అనేవాడు అటికస్ ముఖాన ఉమ్మేసే సీన్. అటికస్ ఒక అడుగు ముందుకు వేస్తాడు. ఇద్దరి ముఖాలూ దగ్గరవుతాయి. కొడతాడని మనమూ అనుకుంటాం. జేబు రుమాలు తీసి తుడుచుకుని, కారెక్కుతాడు. కోపం లేక ఆగలేదని, ఉన్న కోపాన్నంతా చేతిలో పట్టుకుని ఆగాడని ఆ ఒక్క అడుగు చెబుతుంది. హార్పర్ లీ తన తండ్రిని మనసులో పెట్టుకుని రాసిన పాత్ర ఇది. పెక్‌ని ఆ వేషంలో చూశాక తండ్రి జేబు గడియారాన్ని ఆయనకు కానుకగా ఇచ్చారు. ఆస్కార్ అందుకున్న రాత్రి అది ఆయన దగ్గరే ఉంది.

అయినా దీన్ని మొదట చూడమని చెప్పను. అటికస్‌ని ఒకసారి చూశాక మిగతా పాత్రలన్నీ అతనితోనే తూచడం మొదలవుతుంది. పెక్ అంటే ఆదర్శ పురుషుడు అనే ముద్ర గట్టిగా పడిపోతుంది. బయట ఆయన జీవితం కూడా ఆ ముద్రకు బలం ఇచ్చింది. ఆస్కార్ అకాడమీకి అధ్యక్షుడిగా ఉన్నప్పుడు, 1968లో మార్టిన్ లూథర్ కింగ్ హత్య జరిగితే అవార్డుల వేడుకను రెండు రోజులు వాయిదా వేయించారు. అమెరికా అధ్యక్షుడు నిక్సన్ శత్రువుల జాబితాలో ఆయన పేరు ఉంది. టామ్ రాబిన్సన్ పాత్ర చేసిన బ్రాక్ పీటర్స్ 2003లో పెక్ అంత్యక్రియల్లో ఆయన్ని తలుచుకుంటూ మాట్లాడారు. ఆ మంచితనం నిజమే. కానీ నటుడిగా ఆయన ఎంత చేయగలరో చూడాలంటే మంచితనం దగ్గరే ఆగిపోకూడదు. సినిమా మీద ఒక న్యాయమైన విమర్శ కూడా ఉంది: అన్యాయానికి బలైన టామ్‌కి కోర్టు బోను దాటి మాట్లాడే చోటు చాలా తక్కువ. కాస్త పెద్ద పిల్లలతో చూస్తే ఆ సంగతి వాళ్లతో మాట్లాడండి, వాళ్లకు వెంటనే అర్థమవుతుంది.

కేప్ ఫియర్ దీనికి చీకటి వైపు. లాయరు సామ్ బౌడెన్ (పెక్) సాక్ష్యంతో జైలుకెళ్లిన మాక్స్ కేడీ బయటికొచ్చి, బౌడెన్ కుటుంబం చుట్టూ తిరుగుతాడు. ఏ నేరమూ చేయకుండానే భయపెడతాడు, పోలీసులు పట్టుకోవడానికి ఏమీ దొరకదు. కేడీగా రాబర్ట్ మిచమ్ తెరను ఆక్రమించేస్తాడు, సినిమా అతనిదే. నిర్మాణం పెక్ సొంత సంస్థది. తన డబ్బుతో తీసిన సినిమాలో ఎదుటివాడికి మెరిసే పాత్ర ఇచ్చి, చెమటలు పట్టే పాత్ర తను తీసుకున్నారు. అణచుకున్నది ఇక అణగకుండా పోతే ఈ మర్యాదస్తుడు ఎలా ఉంటాడు అన్న ప్రశ్నకు ఇందులో జవాబుంది. బెర్నార్డ్ హెర్మన్ సంగీతం వెన్నులో చలి పుట్టిస్తుంది. కథలో ఆడపిల్లకు ఎదురయ్యే ముప్పు వల్ల పిల్లలతో చూడొద్దు.

## ద గన్స్ ఆఫ్ నవరోన్, మెకన్నాస్ గోల్డ్: పెద్ద తెర పెక్

రెంటికీ దర్శకుడు జె. లీ థాంప్సన్, కేప్ ఫియర్ తీసినది కూడా ఆయనే. రెంటి వెనకా రచయితగా, నిర్మాతగా కార్ల్ ఫోర్‌మన్ ఉన్నారు. సాహసం, రంగులు, పెద్ద తారాగణం.

నవరోన్ రెండో ప్రపంచయుద్ధ కథ. గ్రీకు దీవి మీద జర్మన్లు పెట్టిన రెండు భారీ ఫిరంగులను పేల్చేయడానికి చిన్న దళం వెళ్తుంది. ఆంథొనీ క్విన్, డేవిడ్ నివెన్ తోడు. పెక్ పాత్ర మాలరీ కొండలెక్కడంలో ఆరితేరినవాడు, అనుకోకుండా నాయకత్వం మీద పడుతుంది. తన మనిషికే అబద్ధం చెప్పి వాడుకోవాల్సి వచ్చినప్పుడు నివెన్ పాత్ర అతన్ని నిలదీస్తుంది. ఆ గొడవ సీన్‌లో సాహస సినిమా కాసేపు పక్కకు తప్పుకుని, అసలైన పెక్ కనిపిస్తారు. నిడివి ఎక్కువే గానీ విసుగు రాదు. యాక్షన్ ఇష్టపడే టీనేజ్ పిల్లలు ఇంట్లో ఉంటే ఇదే సరైన మొదటి మెట్టు.

మెకన్నాస్ గోల్డ్ గురించి నిజం చెప్పాలి, పాత అభిమానులకు నచ్చకపోయినా. ఆ బంగారు లోయ, తెల్లవారుజామున పొడుగ్గా పరుచుకునే రాతి స్తంభం నీడ, వేలాడే తాళ్ల వంతెన, చివర కొండలు కూలడం, ఇవన్నీ పెద్ద తెర మీద చూసినవాళ్లు ఎందుకు మర్చిపోలేదో అర్థమవుతుంది. ఒమర్ షరీఫ్, టెలీ సవాలాస్ హుషారుగా ఉంటారు. పెక్‌కి మాత్రం బందీగా గుర్రమెక్కి వాళ్ల వెంట వెళ్లడం తప్ప పెద్ద పనిలేదు. అతనికి బంగారం మీద ఆశ లేదు, అందుకే లోపల అణచుకోవడానికి కూడా ఏమీ లేదు. ఇంట్లో నాన్నగారో బాబాయిగారో ఆ సినిమా కథలు చెబుతుంటే వాళ్లతో కలిసి తప్పకుండా చూడండి, వాళ్ల సంబరం చూడటమే ఒక ఆనందం. పెక్‌ని కొలవడానికి మాత్రం దీన్ని వాడొద్దు. ఇది చూసి ఆయన ఇంతేనని వదిలేసినవాళ్లు నేరుగా గన్‌ఫైటర్‌కి వెళ్లాలి: అదే కౌబాయ్ ప్రపంచం, పూర్తిగా వేరే మనిషి.

## మిగిలినవి, త్వరగా

'ది ఒమెన్' హారర్ అభిమానులకు. అంతకు ముందు ఏడాదే ఆయన పెద్ద కొడుకు చనిపోయారు. తండ్రి పాత్రలో ఆ ముఖం చూస్తుంటే ఆ సంగతి మనసులోంచి పోదు. 'స్పెల్‌బౌండ్' హిచ్‌కాక్ సినిమా, సాల్వడార్ డాలీ రూపొందించిన కల సీన్ కోసం, ఇంగ్రిడ్ బెర్గ్‌మన్ కోసం చూడొచ్చు. పెక్ అందులో ఇంకా కుర్రాడే. 'జెంటిల్‌మన్స్ అగ్రిమెంట్' 1947లో యూదుల మీద వివక్ష గురించి ధైర్యంగా మాట్లాడింది, ఉత్తమ చిత్రం ఆస్కార్ తెచ్చుకుంది, ఇప్పుడు చూస్తే ఉపన్యాసం పాళ్లు ఎక్కువ. 'మోబీ డిక్'లో కెప్టెన్ ఏహాబ్ పాత్ర ఆయనకు నప్పలేదని చాలామంది అంటారు, నాకూ అలాగే అనిపిస్తుంది. ఏహాబ్‌ది బయటికి పొంగే పిచ్చి, పెక్‌ది దానికి ఎదురు స్వభావం. 'ద బిగ్ కంట్రీ' మాత్రం పక్కన పెట్టొద్దు. అందరూ రెచ్చగొడుతున్నా ఎవరి ముందూ తన ధైర్యం నిరూపించుకోనని భీష్మించిన మనిషి కథ అది, చార్ల్‌టన్ హెస్టన్‌తో రాత్రిపూట మైదానంలో చేసే కుస్తీ చాలా దూరం నుంచి తీశారు.

## మీరు ఎవరైతే ఏది

ఒక్క సాయంత్రమే ఉంది, నటన చూడాలి అంటే గన్‌ఫైటర్.

ఇల్లంతా కలిసి కూర్చునే ఆదివారం అయితే రోమన్ హాలిడే. పిల్లలు నలుపు తెలుపు వద్దంటే నవరోన్.

మాకింగ్‌బర్డ్ నవల చదివి ఉంటే ఆ సినిమాను ముందే కాకుండా, ట్వెల్వ్ ఓ క్లాక్ హై చూశాక చూడండి. శావేజ్‌ని చూసిన కళ్లతో అటికస్ మెత్తదనం ఇంకా స్పష్టంగా కనిపిస్తుంది, అది బలహీనత కాదని తెలుస్తుంది. ఆ వారంలోనే కేప్ ఫియర్ పెట్టుకుంటే ఇద్దరు లాయర్ల తేడా తాజాగా ఉంటుంది.

సినిమా తీయాలని, నటించాలని ఉన్నవాళ్లు ఒక పని చేయండి. గన్‌ఫైటర్‌లో సారాయి దుకాణం సీన్లు, శావేజ్ సిగరెట్ సీన్, రోమన్ హాలిడే చివరి నడక, అటికస్ రుమాలు సీన్, ఈ నాలుగింటినీ శబ్దం తీసేసి ఒకసారి చూడండి. మాటల్లేకుండా చేతులతో, భుజాలతో, నిలబడే తీరుతో ఎంత చెప్పారో లెక్క తేలుతుంది. ఆ గొంతు ఎంత బావున్నా, అది మనల్ని కాస్త మోసం చేస్తుంది, మిగతా పనిని కప్పేస్తుంది.

ఇక ఇవన్నీ అయ్యాక, మార్టిన్ స్కోర్సేసీ 1991లో మళ్లీ తీసిన కేప్ ఫియర్ చూడొచ్చు. అందులో పెక్ చిన్న పాత్రలో కనిపిస్తారు, ఈసారి కేడీ తరఫు లాయరుగా. పాత సినిమా ముందు చూసి ఉంటేనే ఆ కొద్ది నిమిషాలకు విలువ తెలుస్తుంది, కాబట్టి ఆ వరుస మాత్రం తప్పొద్దు.